జామీనుగా చూపిన ఎకరా ఇరవై సెంట్లు: విజయనగరంలో ఒక దస్తావేజుల పరిశీలన కార్యాలయం

మా అమ్మాయికి ఫ్యామిలీ కోర్టు ఇచ్చిన డిక్రీ అమలును ఆపించుకోవడానికి అవతలివారు కొంత భూమిని జామీనుగా చూపినప్పుడు, ఆ భూమి నిజంగా జామీనుకు నిలుస్తుందా లేదా అన్నది తేల్చి చెప్పిన ఒక చిన్న కార్యాలయం గురించి ఈ సమీక్ష రాస్తున్నాను. అది విజయనగరంలో మూడు లాంతర్ల కూడలి నుంచి కోట వైపు వెళ్లే దారిలో, ఒక బట్టల దుకాణం మీది అంతస్తులో ఉంది. నడిపే పెద్దమనిషి వృత్తిరీత్యా దస్తావేజు లేఖరి. తన పేరు, ఫోను నంబరు ఎక్కడా రాయవద్దని ఆయనే కోరారు గనుక రాయడం లేదు. ఈ పట్టణంలో కోర్టు పనుల మీద తిరిగే గుమాస్తాల్లో ఎవరిని అడిగినా ఆ మేడ మెట్లు చూపిస్తారు. ఆయన పనిలో నాకు నచ్చనివి కూడా కొన్ని ఉన్నాయి, వాటినీ దాచకుండా చెబుతాను. మొత్తం మీద ఇలాంటి అవసరం పడిన ప్రతి కుటుంబమూ ఒకసారి ఆ మెట్లు ఎక్కవలసిందేనని నా గట్టి అభిప్రాయం.

నేను చీపురుపల్లి వైపు ఒక ఉన్నత పాఠశాలలో తెలుగు చెప్పి పదవీ విరమణ చేసినవాణ్ణి. కోర్టు కాగితాలతో అంతకు ముందు నాకు పరిచయం లేదు. పెళ్లినాడు ముట్టజెప్పిన సొమ్మూ, బంగారం విలువా కలిపి 14,60,000 రూపాయలు తిరిగి ఇవ్వాలని, అది కాక నెలకు 8,000 రూపాయలు మనోవర్తి చెల్లించాలని ఫ్యామిలీ కోర్టు తీర్పు చెప్పినప్పుడు, ఇక కష్టం గట్టెక్కిందనే మేమందరం అనుకున్నాము. అమ్మాయి మాత్రం తీర్పు నకలు చేతిలో పట్టుకుని, "నాన్నగారూ, వాళ్లు ఇస్తారంటారా?" అని అడిగింది. ఆ ప్రశ్నకు జవాబు వెతకడానికే ఏడాది పట్టింది.

ఫ్యామిలీ కోర్టుల చట్టం 1984లో వచ్చింది. ఆ చట్టంలోని 19వ సెక్షను ప్రకారం ఫ్యామిలీ కోర్టు తీర్పు మీద అప్పీలు నేరుగా హైకోర్టుకు వెళుతుంది, గడువు 30 రోజులు, వినేది ఇద్దరు న్యాయమూర్తులకు తక్కువ కాని ధర్మాసనం. అమ్మాయి భర్త గడువు లోపలే అమరావతిలో అప్పీలు వేశాడు. అప్పీలు పడగానే డిక్రీ ఆగిపోతుందని ఊళ్లో చాలామంది మాకు చెప్పారు, అది తప్పు. అప్పీలు వేసినంత మాత్రాన అమలు ఆగదు అన్న మాటతోనే సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని 41వ ఆర్డరు 5వ రూలు మొదలవుతుంది. ఆపమని అడిగేవాడు అమలు జరిగితే తనకు గణనీయమైన నష్టం కలుగుతుందని చూపాలి, ఆలస్యం చేయకుండా రావాలి, రేపు అప్పీలులో ఓడితే డిక్రీని నెరవేరుస్తానని పూచీ ఇవ్వాలి. ఈ మూడింటిలో మొదటి రెండూ ప్లీడర్లు వాదించుకునేవి. మూడోది కాగితాల మీదా, నేల మీదా తేలవలసిన సంగతి.

హైకోర్టు మా విషయంలో సగం సొమ్ము, అంటే 7,30,000 రూపాయలు, ఎనిమిది వారాల లోపల ఫ్యామిలీ కోర్టులో జమ చేయాలని, మిగిలిన సగానికి స్థిరాస్తిని జామీనుగా ఫ్యామిలీ కోర్టు సంతృప్తి చెందేలా చూపాలని, అప్పుడే స్టే నిలుస్తుందని ఉత్తర్వు ఇచ్చింది. నెలవారీ మనోవర్తికి స్టే ఇవ్వలేదు. సొమ్ము జమ అయింది. మిగిలిన సగం కోసం మా వియ్యంకుడు పూసపాటిరేగ మండలంలో తన పేరున ఉన్న ఎకరా ఇరవై సెంట్ల మెట్ట భూమిని జామీనుగా చూపుతూ అఫిడవిట్టు, దస్తావేజు జిరాక్సు, 1-బి (రెవెన్యూ శాఖ భూహక్కు రికార్డు) నకలు, పదమూడేళ్ల ఈసీ (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీలు, తాకట్లు చూపే పత్రం), రిజిస్ట్రేషన్ శాఖ ఇచ్చిన మార్కెట్ విలువ పత్రం దాఖలు చేశారు. ఎకరం తొమ్మిది లక్షల చొప్పున 10,80,000 రూపాయల ఆస్తి అని అందులో ఉంది. లెక్క చూస్తే కావలసిన దానికంటే ఎక్కువే కనబడుతున్నది. అభ్యంతరాలుంటే చెప్పమని మాకు రెండు వారాలు గడువు ఇచ్చారు. మా ప్లీడరు గారు ఆ కట్టను నా చేతికిచ్చి, "చట్టం సంగతి నేను చూసుకుంటాను మాస్టారూ, భూమి సంగతి భూమి తెలిసినవాళ్లే చెప్పాలి" అని ఈ కార్యాలయం గుర్తులు చెప్పి పంపించారు.

మొదటి రోజు అక్కడ గంటన్నర కూర్చోవలసి వచ్చింది. మెట్లు నిటారుగా ఉంటాయి, పట్టుకోవడానికి కమ్మీ లేదు. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు ఎవరినైనా తోడు తీసుకువెళ్లడం మంచిది. గదిలో ఒక బల్ల, కిటికీ పక్కన చుట్టచుట్టిన ఎఫ్ఎంబీ పటాలు (సర్వే శాఖ వారి పొలం కొలతల పటాలు), గోడ పొడవునా గుడ్డసంచుల్లో కట్టిన పాత దస్తావేజుల నకళ్లు ఉన్నాయి. నా వంతు వచ్చినప్పుడు ఆయన మా అమ్మాయి కాపురం గురించి ఒక్క ప్రశ్నా వేయలేదు. ఎంత సొమ్ముకు జామీను, గడువు ఇంకా ఎన్ని రోజులు అని మాత్రం అడిగారు. తరువాత ఆయన అన్న మాట ఈ సేవ మొత్తానికి తాళంచెవి లాంటిది: "ఈ భూమిని రేపు కోర్టు వేలం వేసిందనుకోండి మాస్టారూ. పాట పాడి కొన్నవాడికి ఏం దక్కుతుంది? ఆ కొనేవాడి కళ్లతో ఈ కట్ట చదువుదాం."

ఆ దృష్టి ఎందుకు అవసరమో నాకు క్రమంగా బోధపడింది. జామీనుగా పెట్టిన ఆస్తిని, అప్పీలు ఓడిన రోజున వేరే దావా వేయనక్కరలేకుండా డిక్రీ అమలులోనే అమ్మించడానికి సివిల్ ప్రొసీజర్ కోడ్ 145వ సెక్షను వీలు కల్పిస్తుంది. పూచీ ఇచ్చినవాడు మూడో మనిషైనా, మా వియ్యంకుడి లాగా తండ్రి అయినా, తాను చూపిన ఆస్తి మేరకు బాధ్యుడవుతాడు. చట్టం ఇచ్చిన ఈ బలమంతా ఆ ఆస్తికి ఉన్న హక్కు మీద ఆధారపడి నిలుస్తుంది. హక్కు సగమే ఉంటే బలమూ సగమే. కోర్టు ముందుకు వచ్చే కాగితం మాత్రం ఎప్పుడూ నిండుగానే కనబడుతుంది.

ఆయన మొదట తీసిన లోపం ఈసీలోది. దాఖలైనది పదమూడేళ్లది. బ్యాంకులకు చాలాసార్లు అంతే చాలుతుంది గనుక ఎవరూ దాన్ని తప్పుపట్టరు. ఆయన మాత్రం కంప్యూటరులో ఎక్కించిన రికార్డు 1983 నుంచి ఉంటుందని, అంతకు ముందువి కావాలంటే సబ్ రిజిస్ట్రారు కార్యాలయంలో పాత సూచికలు వెతికించుకోవాలని చెప్పి, రెండూ చేయిస్తానన్నారు. ఇంకొక చిక్కు రీసర్వే వల్ల వచ్చింది. ఆ గ్రామంలో రీసర్వే అయిపోయి పాత సర్వే నంబరు స్థానంలో కొత్త భూభాగ పటం ప్రకారం ఎల్‌పీఎం నంబరు వచ్చింది. దస్తావేజులో పాత నంబరు, 1-బిలో కొత్త నంబరు ఉన్నాయి. కొత్త నంబరు ఒక్కటే పెట్టి వెతికితే పాత లావాదేవీలు బయటపడవు. ఆయన రెండు నంబర్లతోనూ, మా వియ్యంకుడి పేరుతోనూ, వారి తండ్రి పేరుతోనూ విడివిడిగా వెతికించారు. నాలుగో రోజున ఆయనే ఫోను చేసి రమ్మన్నారు. 1998లో మా వియ్యంకుడికీ ఆయన తమ్ముడికీ మధ్య రిజిస్టరైన భాగపరిష్కార దస్తావేజు బయటపడింది. దాని ప్రకారం ఆ ఎకరా ఇరవైలో అరవై రెండు సెంట్లు తమ్ముడి వాటా, మా వియ్యంకుడికి మిగిలినవి యాభై ఎనిమిది సెంట్లు మాత్రమే. రెవెన్యూ రికార్డులో తమ్ముడి పేరున మార్పు జరగలేదు కాబట్టి 1-బిలో మొత్తం అన్నగారి పేరునే నడుస్తున్నది. ఇందులో మా వియ్యంకుడు కావాలని దాచారో, 1-బి చూసి అదే సరైనదనుకున్నారో నేను చెప్పలేను, చెప్పవలసిన అవసరమూ లేదు. కాగితంలో ఉన్నది మాత్రం అది.

రెండోది నేను ఎన్నిసార్లు చూసినా పట్టుకోలేకపోయేవాణ్ణి. దస్తావేజు జిరాక్సు చివరి పేజీ తీసి కిటికీ వెలుతురుకు ఎదురుగా పట్టుకుని, కింది కుడి మూలలో ఒక చోట భూతద్దం పెట్టి నన్ను చూడమన్నారు. అక్కడ బూడిద రంగులో ఒక అర్ధచంద్రాకారపు మరక ఉంది. దగ్గరగా చూస్తే అది మరక కాదు, గుండ్రటి ముద్రలో సగం. అక్షరాలు తిరగబడి ఉన్నాయి. అసలు కాగితం వెనుకవైపు కొట్టిన ముద్ర తాలూకు సిరా ఇవతలికి దిగి జిరాక్సులో పడిందని, దాని పక్కన పెన్సిలుతో రాసిన సన్నని అంకెలు ఏదో ఒక కార్యాలయపు వరుస సంఖ్య అయి ఉంటాయని ఆయన అన్నారు. "అసలు దస్తావేజు వీళ్ల ఇంట్లో లేదు మాస్టారూ. ఎక్కడో తాకట్టులో ఉంది. నేను ఊహించి రాయను. అసలు కాగితం కోర్టులో చూపించమని మీ ప్లీడరు గారిచేత అడిగించండి, అదే బయటికి వస్తుంది" అన్నారు. దస్తావేజులు అప్పగించి అప్పు తీసుకుంటే ఆ సంగతి ప్రతిసారీ ఈసీలోకి రాదట. అందుకే ఈసీ ఎంత శుభ్రంగా ఉన్నా అసలు కాగితాలు కళ్లతో చూడనిదే జామీను పూర్తయినట్టు కాదని ఆయన లెక్క. మా ప్లీడరు గారు అడిగారు. రెండో వాయిదాకు అవతలి వకీలు గారు అసలు దస్తావేజు ఒక బ్యాంకులో ఉన్నదని, వ్యవసాయ రుణం 2,10,000 రూపాయలు బాకీ ఉన్నదని ఒప్పుకున్నారు.

ఇక నేల సంగతి. కాగితాల మీద చూసినది చాలదని, పొలం దగ్గరికి వెళ్లితీరాలని ఆయన పట్టుబట్టారు. ఒక ఆదివారం ఉదయం ఆటోలో వెళ్లాము. హైవే దిగి సముద్రం వైపు కొంత దూరం పోయాక రెండు పక్కలా సరుగుడు తోటలు, మధ్యమధ్య జీడిమామిడి, అక్కడక్కడ కొత్తగా ప్లాట్లకు పాతిన రాళ్లు కనబడ్డాయి. భోగాపురం విమానాశ్రయం పేరు చెప్పుకుని ఆ చుట్టుపక్కల ధరలు ఎలా పెరిగాయో అందరికీ తెలిసినదే. అందువల్ల ప్రభుత్వ విలువ కంటే బయటి ధర ఎక్కువే పలకవచ్చునని నాకు ఒక మూల ఆశ కూడా ఉండింది. ఆయన ఎఫ్ఎంబీ పటం విప్పి, సర్వే రాయి దగ్గర నిలబడి, అడుగులు లెక్కపెట్టుకుంటూ గట్ల వెంట నడిచారు. పటంలో తూర్పు హద్దు గెడ్డ, అంటే వాగు, అని ఉన్నది. గెడ్డ అక్కడే ఉన్నది గానీ, దానికి ఇవతల మనిషెత్తు ఎదిగిన సరుగుడు మొక్కలు ఒక వరసలో ఆగిపోయి, అక్కడి నుంచి ఉలవ చేను మొదలవుతున్నది. ఒకే కమతంలో రెండు రకాల సాగు. మేకలు కాచుకుంటున్న ఒక ముసలమ్మను పిలిచి ఆయన ఈ చేను ఎవరిదమ్మా అని అడిగితే, "సరుగుడు తమ్ముడు గారిది బాబూ. అన్నగారిది ఈ ఉలవ సేనే. గట్టేసి ఎన్నేళ్లయిందో!" అన్నది. పదిహేను నిమిషాల్లో 1998 నాటి దస్తావేజు ఆ గట్టు మీద మళ్లీ చదివినట్టయింది. గెడ్డ ఒడ్డున ఉన్న తమ్ముడి వాటాకే నీటి వసతి ఉన్నదని, అన్నగారి వాటాలోకి వెళ్లడానికి బండిదారి తమ్ముడి గట్టు మీదుగానే పోతుందని కూడా ఆయన ఫొటోలు తీసుకున్నారు. మా వైపు పాతవాళ్లు పొలాన్ని ఇప్పటికీ కుంచాల్లో చెబుతారు. ఆ ముసలమ్మ చెప్పిన కుంచాలను సెంట్లలోకి మార్చి ఆయన తన కొలతతో సరిపోల్చి చూసుకోవడం నాకు ముచ్చటగా అనిపించింది.

లెక్క తేలింది. యాభై ఎనిమిది సెంట్లకు అవతలివారు చూపిన రేటే వేసినా 5,22,000 రూపాయలు. అందులో బ్యాంకు బాకీ 2,10,000 పోతే మిగిలేది 3,12,000. కావలసినది 7,30,000. దారి లేని భూమిని వేలంలో ఎవరు ఎంతకు పాడతారన్నది వేరే ప్రశ్న. దాన్ని కూడా ఒక వాక్యంలో రాశారు గానీ అంకె వేయలేదు. తేల్చలేని అంకె రాస్తే తేలిన అంకెల మీద కూడా అనుమానం వస్తుందని ఆయన అభిప్రాయం. ఆ నిగ్రహం నాకు చాలా నచ్చింది.

నచ్చనివి చెబుతాను. ఆయన మొదట ఇచ్చినది తెల్లకాగితం మీద పెన్సిలుతో రాసిన రెండు పేజీలు. ఆ రాత చదవడానికి నాకే కష్టమైంది, ప్లీడరు గారు దాన్ని పక్కన పెట్టేశారు. టైపు చేయించి, ఏ సంగతికి ఏ కాగితం ఆధారమో పక్కనే చూపించి, నాలుగు పేజీల నివేదికగా తెచ్చుకోవడానికి ఇంకా రెండుసార్లు తిరగవలసి వచ్చింది. రెండు వారాల గడువులో ఆ తిరుగుడుకు పట్టిన మూడు రోజులు మాకు ఎంత ఆందోళన కలిగించాయో నాకే తెలుసు. కోర్టుకు దాఖలు చేసే పని అని ముందే చెప్పినప్పుడు టైపు చేసిన నివేదిక ఇవ్వడం ఆయన బాధ్యత అని నేను అనుకుంటాను, ఆ మాట ఆయనతోనూ చెప్పాను. ఇంకొకటి, సాయంత్రం ఆరు దాటితే ఫోను ఎత్తరు. సోమవారం, వాయిదాలు ఎక్కువగా ఉండే రోజుల్లో జనం మెట్ల మీద కూడా నిలబడి ఉంటారు. రుసుము విషయంలో కూడా ముందుగా స్పష్టత లేదు. పరిశీలనకు 4,500, పొలం దగ్గరికి వచ్చినందుకు 1,500, ఈసీలకు, నకళ్లకు అయిన ప్రభుత్వ రుసుములు వేరే. ఆటో ఖర్చు నేనే పెట్టుకున్నాను. మొత్తం చూస్తే ఆ పనికి అది న్యాయమైన సొమ్మే, రసీదు కూడా ఇచ్చారు. కానీ మొదటి రోజే ఒక కాగితం మీద రాసి ఇచ్చి ఉంటే బాగుండేది.

నివేదిక ఆధారంగా మా ప్లీడరు గారు కౌంటరు వేశారు. ఫ్యామిలీ కోర్టు ఆ భూమిని జామీనుగా అంగీకరించలేదు. అవతలివారు హైకోర్టులో మరికొంత గడువు తెచ్చుకుని, విజయనగరం పట్టణంలో మా వియ్యంకుడి పేరున ఉన్న, అద్దెకిచ్చిన ఒక ఇంటిని చూపారు. దాన్ని కూడా ఈ కార్యాలయంలోనే పరిశీలింపజేశాము. ఈసారి రెండు రోజుల్లో పని అయిపోయింది, రుసుము 3,000. ఇల్లు కొన్న దస్తావేజు, దానికి ముందున్న లింకు దస్తావేజులు, పన్ను రసీదులు అన్నీ సరిపోయాయి. ఇక్కడ ఆయన ఒక మంచి ప్రశ్న లేవనెత్తారు. వ్యవసాయదారుడు స్వయంగా నివసించే ఇంటికి సివిల్ ప్రొసీజర్ కోడ్ 60వ సెక్షనులో జప్తు నుంచి మినహాయింపు ఉన్నది. మా వియ్యంకుడికి పొలం ఉన్నది కాబట్టి, రేపు ఈ ఇల్లు కూడా అలాంటిదేనని అంటారేమో చూసుకోమన్నారు. ఆ ఇంట్లో ఉన్నది అద్దెదారులు, వియ్యంకుడు ఉండేది ఊళ్లో. ఆ సంగతి అఫిడవిట్టులో స్పష్టంగా రాయించమని ప్లీడరు గారికి చెప్పించారు, రాయించారు.

బాండు చిత్తు విషయంలో కూడా ఆయన సాయం విలువైనది. బాండు కోర్టు పేర ఉండాలి, అందులో ఆస్తి షెడ్యూలు నాలుగు హద్దులతో, డోరు నంబరుతో సహా ఉండాలి, అప్పీలు తేలేవరకు ఆ ఇంటిని అమ్మనని, తాకట్టు పెట్టనని, దానం రాయనని ఒప్పుకోలు ఉండాలి, రాసిచ్చినవాడు కాలం చేసినా వారసులు ఆ ఆస్తి మేరకు కట్టుబడి ఉండాలి. వీటిలో చివరిది చిత్తులో లేదు. ఆయన ఎర్ర సిరాతో అంచున రాసిచ్చారు. అసలు దస్తావేజు కోర్టులో డిపాజిట్ చేయించడం, బాండును రిజిస్టరు చేయించడం కూడా ఆయన పట్టుబట్టి చెప్పినవే. ఆయన మాటల్లో, రిజిస్టరు కాని బాండు కోర్టు బీరువాలో ఉంటుంది, రిజిస్టరైన బాండు ఆ ఇల్లు కొనడానికి వచ్చే ప్రతివాడి కంటపడుతుంది.

ఇది డిక్రీ వచ్చినవాళ్లకే పనికివచ్చే సేవ అని అనుకోకండి. స్టే కోసం ఆస్తి చూపవలసినవాళ్లకు ఇంకా ఎక్కువ పనికివస్తుందని అక్కడ కూర్చున్న రోజుల్లో నేనే చూశాను. మా కేసులో అవతలివారు మొదటే శుభ్రమైన ఇంటిని చూపి ఉంటే వారికీ రెండు నెలల తిరుగుడు, ఒక గడువు పెంపు తప్పేవి. ఒక రోజు పార్వతీపురం మన్యం జిల్లాలోని ఏజెన్సీ గ్రామం నుంచి ఒక గిరిజన రైతు తన మేనల్లుడి కేసులో జామీను ఇద్దామని పాసుపుస్తకం పట్టుకుని వచ్చాడు. షెడ్యూలు ప్రాంతంలో భూమి గిరిజనేతరుల చేతికి పోకుండా 1959 నాటి 1వ రెగ్యులేషను, దానికి 1970లో వచ్చిన సవరణ అడ్డుపడతాయని, అలాంటి భూమిని బహిరంగ వేలంలో పెట్టి సొమ్ము చేయడం కుదరదు కాబట్టి కోర్టు జామీనుగా ఒప్పుకోకపోవచ్చునని, పైగా ఆ భూమి పోగొట్టుకునే పరిస్థితి తెచ్చుకోవద్దని ఆ రైతుకు ఎంతో ఓపికగా చెప్పి పంపారు. రుసుము తీసుకోలేదు. ప్రభుత్వం ఇచ్చిన డి-పట్టా భూములకు 1977 నాటి అసైన్డ్ భూముల చట్టం ఉన్నదని, అలాంటి కాగితంతో ఎవరొచ్చినా మొదట 22-ఏ నిషేధిత జాబితా చూడనిదే కట్ట విప్పనని కూడా ఆయన అన్నారు. గ్రామకంఠంలోని ఇళ్లు, వారసుల మధ్య పంపకం కాని ఉమ్మడి ఆస్తి, వీలునామా మీద వచ్చిన ఆస్తి జామీనుగా చూపేవాళ్లు ఆయన దగ్గరికి ఒక వారం ముందుగానే వెళ్లడం మంచిది. పాత సూచికలు వెతికించడానికే మూడు నాలుగు రోజులు పడుతుంది.

ఆయన చేయని పని ఏదో కూడా తెలుసుకుని వెళ్లండి. ఆయన ప్లీడరు కాదు, కోర్టులో మాట్లాడరు, కేసు గెలుస్తుందా ఓడుతుందా అని అడిగితే జవాబు చెప్పరు. ప్లీడరును పెట్టుకోలేని ఆడపిల్లలకు ఆయన స్వయంగా జిల్లా న్యాయసేవాధికార సంస్థకు దారి చూపిస్తారు. 1987 నాటి న్యాయసేవాధికార సంస్థల చట్టం 12వ సెక్షను ప్రకారం మహిళలకు ఆదాయంతో పని లేకుండానే ఉచిత న్యాయసహాయం దొరుకుతుంది. ఈ సంగతి మా అమ్మాయి కేసు మొదలైనప్పుడు మాకు ఒక్కరూ చెప్పలేదు. అప్పుడే తెలిసి ఉంటే నా భవిష్యనిధిలో కొంతైనా మిగిలి ఉండేది.

బాండు రిజిస్టరైన తరువాత కూడా ఆయన మమ్మల్ని ఊరికే ఉండనివ్వలేదు. ఆరు నెలలకొకసారి ఆ ఇంటి మీద కొత్త ఈసీ తీయించి చూసుకోమన్నారు. మొదటిది గత నెలలో తీయించాను. అందులో మా వియ్యంకుడు కొన్న క్రయదస్తావేజు కింద ఫ్యామిలీ కోర్టు పేరున జామీను బాండు నమోదు కనబడింది. అమ్మాయి ఆ వరుసను వేలితో రెండుసార్లు చదివి, కాగితాన్ని డిక్రీ నకలు వెనుక చేర్చి కుట్టింది. కోర్టులో జమ అయిన సగం సొమ్మును తీసుకోవడానికి అనుమతి వచ్చింది, ఆమె బి.ఇడి. ఫీజు దానిలోంచే కట్టాము. అప్పీలు ఇంకా విచారణలో ఉన్నది.

రెండో ఈసీకి దసరా తరువాత వెళ్లాలి. వెళ్లేవాళ్లు ఒకటి గుర్తుంచుకోండి: పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవం జరిగే మంగళవారం మూడు లాంతర్ల చుట్టుపక్కల అడుగు తీసి అడుగు వేయడానికి చోటుండదు, ఆ రోజు ఆ కార్యాలయం తెరవరు.